పైడి గోరింక మరిచిన పక్కపేరు

అనగనగా ఒక అడవి ఉండేది. ఉండేది అంటున్నాను, గుర్తుపెట్టుకోండి పిల్లలూ. ఇప్పుడక్కడ అడవి లేదు. కంకర తవ్వే గొయ్యి ఉంది. కానీ మన కథ మొదలయ్యేనాటికి అడవి ఉంది, అడవిలో ఒక కొండ ఉంది, కొండ వాలులో పెద్ద ఇప్పచెట్టు ఉంది. ఆ చెట్టు మీద గోరింకలు ఉండేవి.

గోరింకలు మీకు తెలుసు కదా? గోధుమరంగు ఒళ్ళు, పసుపుపచ్చ ముక్కు. నోరు మాత్రం మూతపడదు. పొద్దున లేచింది మొదలు తగువే.

"ఆ పురుగు నేను ముందు చూశాను!"

"చూస్తే సరా? నోట్లో పడాలి కదా!"

"నీ మొహానికి చిటారుకొమ్మ కావాల్సొచ్చిందా?"

ఇలా పగలంతా పోట్లాడుకునేవి. పొద్దుగూకేసరికి మాత్రం అన్నీ ఆ ఇప్పచెట్టు మీదకే చేరేవి. చేరాక ఒక పని చేసేవి. ఆ పని అయ్యేదాకా ఒక్క పిట్ట కూడా కళ్ళు మూసేది కాదు.

ఏమిటా పని? ప్రతి గోరింకా తన పక్కన కూర్చున్న గోరింకను పేరు పెట్టి పిలవాలి. అంతే.

"జాజీ!" అని ఒకటి పిలిచేది.

"ఉన్నా!" అనేది జాజి. వెంటనే తన పక్కకు తిరిగి, "పైడీ!" అని పిలిచేది.

"ఉన్నా!" అనేది పైడి. అది తన పక్కదాన్ని పిలిచేది. అలా ఆ పిలుపు చెట్టు ఈ కొసనుంచి ఆ కొసదాకా పోయేది. దీన్ని వాళ్ళు పక్కపేరు అనేవాళ్ళు. ఎక్కడైనా "ఉన్నా" అనే మాట రాలేదా, ఇక ఎవరూ కూర్చోరు. మంద మొత్తం లేస్తుంది. పొదలు, వాగులు, బండల సందులు అన్నీ గాలిస్తుంది. పగలు పురుగు కోసం జుట్లు పీక్కున్న పిట్టే అందరికంటే ముందు ఎగిరేది.

మన కథ ఈ పైడిదే. అది చిన్నపిల్లగా ఉన్నప్పుడు ఒకరోజు రేగుకంపలో ఇరుక్కుంది. రెక్కల నిండా ముళ్ళు. గొంతు దగ్గర ముల్లు. నోరు తెరవలేకపోయింది, అరవలేకపోయింది. ఆ సాయంత్రం జాజి "పైడీ!" అంటే జవాబు రాలేదు. మంద లేచింది. ఇంకా వెలుతురు ఉండగానే దాన్ని కంపలోంచి లాగి తెచ్చుకున్నారు.

మర్నాడు పైడి వాళ్ళ అమ్మమ్మను అడిగింది.

"అమ్మమ్మా, ఎవరి పేరు వాళ్ళే అరిస్తే పోదా? తొందరగా అయిపోతుంది కదా!"

"ఏడ్చినట్టుంది నీ తెలివి," అంది అమ్మమ్మ. "నిన్న కంపలో ఉన్నప్పుడు నీ పేరు నువ్వు అరవగలిగావా? పేరు నీదే తల్లీ. పిలిచే పని మాత్రం నీది కాదు. నీ పని పక్కదాన్ని పిలవడం. అది మానేసిన పిట్ట వెయ్యి పిట్టల మధ్య కూర్చున్నా ఒంటిదే."

పైడి తలూపింది. చిన్నపిల్ల కదా, సగం విన్నది, సగం గాలికొదిలేసింది.

తరవాత ఒకరోజు కంకర కోసం కొండ కింద పెట్టిన బాంబు పేలింది. ఇప్పచెట్టు వేళ్ళతో సహా వణికింది. మర్నాడు మరొకటి పేలింది. రాళ్ళు లేచి కొమ్మల మీద పడ్డాయి. మంద చెదిరిపోయింది. ఎటు దారి దొరికితే అటు ఎగిరిపోయారు. వెనక్కి తిరిగి చూసేలోపే చెట్టు లేదు, కొండలో సగం లేదు. జాజి ఎటు పోయిందో తెలీదు. అమ్మమ్మ ఎటు పోయిందో తెలీదు. పైడి ఎగిరి ఎగిరి, దమ్ము అయిపోయేదాకా ఎగిరి, ఒక పట్నంలో వచ్చి పడింది.

పట్నంలో తిండికి లోటు లేదు. నిజం చెప్పాలి కదా! హోటళ్ళ వెనక అన్నం. బళ్ళ దగ్గర మరమరాలు. ఎక్కడ చూసినా పిట్టలే, ఎక్కడ చూసినా మేడలే. పైడి ఒక అపార్ట్‌మెంట్ గోడకు బిగించిన ఏసీ డబ్బా మీద కాపురం పెట్టింది. పగలంతా బాగానే ఉండేది. పొద్దుగూకే వేళకు మాత్రం దాని గుండె దడదడలాడేది.

"ఇప్పుడు నన్నెవరు పిలుస్తారు? పిలవకపోతే నేనున్నట్టు ఎవరికి తెలుస్తుంది? రేపు నేను ఏ కంపలోనో ఇరుక్కుంటే? మంద ఎక్కడిది లేవడానికి?"

దానికి కావాల్సింది ఒక్కటే. పొద్దుగూకాక ఎవరో ఒకరు "పైడీ" అనాలి. ఆ ఒక్క మాట లేక దానికి నిద్ర పట్టేది కాదు. కళ్ళు మూస్తే రేగుకంప కనిపించేది.

సరే, తోడు వెతుక్కుందామని బయల్దేరింది.

మొదట నాలుగు రోడ్ల కూడలికి వెళ్ళింది. అక్కడ జనం జొన్నలు చల్లుతారు. వందల పావురాలు ఒకదాని భుజానికి ఒకటి రాసుకుంటూ తింటున్నాయి. అమ్మయ్య, ఇంత పెద్ద మంద ఉంది కదా అనుకుని వాటి మధ్య వాలింది.

"అన్నా, నా పేరు పైడి. మీరంతా ఒకటేనా?" అని పక్క పావురాన్ని అడిగింది.

"ఏంటి ఒకటి?"

"అదే, ఒకే మందా అని."

"నాకేం తెలుసు? వీళ్ళెవరో నాకు తెలీదు. తింటావా తిను, లేకపోతే జరుగు. వెనక లైన్ ఉంది."

జొన్నలు అయిపోయాయి. అన్నీ ఒక్కసారి లేచాయి. దేని దారిన అది పోయింది. ఖాళీ కూడలిలో పైడి ఒక్కతే మిగిలింది.

తరవాత కింది అంతస్తు బాల్కనీలో ఒక పంజరం చిలక కనిపించింది.

"హలో బంగారం! టిఫిన్ చేశావా?" అంది చిలక.

పైడికి ప్రాణం లేచొచ్చింది. పట్నమొచ్చాక దాన్ని టిఫిన్ సంగతి అడిగినవాళ్ళు లేరు. "చేశాను అక్కా! నా పేరు పైడి. నీ..."

ఇంతలో పాలవాడు వచ్చాడు. "హలో బంగారం! టిఫిన్ చేశావా?" అంది చిలక. కొరియర్ కుర్రాడు వచ్చాడు. అతన్నీ అదే అడిగింది. గోడ మీద పోతున్న తొండను కూడా బంగారమనే పిలిచింది. మళ్ళీ పైడివైపు తిరిగి, మొదటిసారి చూసినట్టే, "హలో బంగారం!" అంది. పైడి ముఖం ముడుచుకుని లేచిపోయింది.

మూడోది వానగొట్టంలో ఉండే ఉడుత. అది ఒక చోట నిలబడదు. గొట్టం పైకీ కిందకీ పరుగే పరుగు.

"అన్నా, ఒక్క మాట!"

"టైం లేదు!"

"నీ పేరు?"

"చెప్పే టైం కూడా లేదు!"

తోక కనిపించింది, మాయమైంది.

మూడు చోట్లా చుక్కెదురైంది. దాంతో పైడి ఏం చేసిందో తెలుసా? ఎవరూ పిలవరు కాబట్టి తనే పిలుచుకోవడం మొదలుపెట్టింది. పొద్దుగూకితే చాలు, ఏసీ డబ్బా అంచున నిలబడి గొంతు చించుకునేది.

"పైడీ! పైడీ! నేనే పైడిని! ఇక్కడున్నా!"

రోజూ అదే. ఊరందరికీ దాని పేరు వినిపించింది. ఒక్కరూ జవాబివ్వలేదు.

ఒక సాయంత్రం ఆ డబ్బా వెనకనుంచి దగ్గు వినిపించింది. ఆ తరవాత ఒక గొంతు.

"ఎవర్తివే నువ్వు? పొద్దుగూకితే చాలు, నీ పేరు నువ్వే ఒర్రుకుంటవ్. చెవులు పోతున్నయి."

పైడి వంగి చూసింది. డబ్బాకూ గోడకూ మధ్య సందులో ఒక ముసలి పావురం కూర్చుని ఉంది. ఒక కన్ను తెల్లబడింది. గాలిపటం మాంజా దారం చుట్టుకుని ఒక కాలికి వేళ్ళు తెగిపోయాయి. ఈకలు దుమ్ము పట్టిన చీపురులా ఉన్నాయి.

"నా ఇష్టం తాతా," అంది పైడి. ఈ దగ్గే ముసలివాడా నాకు తోడు అనుకుని ముఖం తిప్పుకుంది. పేరైనా అడగలేదు. చూశారా? తన పేరు ఊరంతా తెలియాలి. పక్కవాడి పేరు తనకు అక్కర్లేదు!

ఎండలు ముదిరాయి. ఒక మధ్యాహ్నం ముసలి పావురం మళ్ళీ పలకరించాడు.

"ఓ పసుపుముక్కు పిల్లా! ఈ పక్కకు రా. డబ్బా కిందికెళ్ళి నీళ్ళు కారుతున్నయి. సల్లగున్నయి, తాగు."

పైడి వెళ్ళింది, తాగింది. "సరే తాతా, పనుంది," అని వెళ్ళిపోయింది. తాత ఏదో చెప్పబోయి, దగ్గి, ఊరుకున్నాడు.

నిజంగానే దానికి పని దొరికింది. ఏమిటనుకున్నారు? వీధికి అవతల కొత్తగా ఒక అద్దాల మేడ లేచింది. కిందనుంచి పైదాకా అద్దమే. ఒకరోజు పైడి అటు ఎగిరితే, అద్దంలోంచి ఇంకో గోరింక ఎదురొచ్చింది! అదే గోధుమరంగు. అదే పసుపు ముక్కు. పైడి అద్దం అంచున వాలితే అదీ వాలింది. పైడి తల వంచితే అదీ వంచింది.

"అక్కా! ఎక్కడినుంచి వచ్చావు? ఇప్పచెట్టు మీదినుంచేనా?" అంది పైడి.

అద్దంలో గోరింక కూడా నోరు తెరిచింది. మాట వినపడలేదు. అద్దం మందం కాబోలు అనుకుంది పైడి.

"నన్ను పిలువు అక్కా. పైడి అను. పైడి!"

అవతలి ముక్కు కూడా కదిలింది. "అంది! నా పేరే అంది!" పైడి ఆనందం పట్టలేక రెక్కలు కొట్టింది. అవతలిదీ కొట్టింది.

మీరు నవ్వుతున్నారు. నవ్వకండి. ఆకలి ముదిరినవాడు బొమ్మ అరటిపండు తొక్క తీస్తాడు. మందలో పుట్టి ఒంటరైన పిట్ట అద్దాన్ని నమ్మింది. మీరు మాత్రం రోజంతా చేతిలో పెట్టుకుని చూసేది ఏమిటో ఒక్కసారి ఆలోచించుకోండి.

ఇక పైడికి అద్దమే లోకమైంది. పొద్దున వెళ్ళేది, సాయంత్రం వచ్చేది. అద్దంలో అక్కతో ఎంత సుఖమో! ఎదురు చెప్పదు. పురుగు కోసం పోట్లాడదు. దగ్గదు. పైడికి ఏడుపొస్తే అదీ ఏడుపుముఖం పెడుతుంది. కానీ ఒక్కటే బాధ. పొద్దుగూకే వేళకు మేడలో దీపాలు వెలుగుతాయి. దీపాలు వెలగగానే అద్దంలో అక్క మాయం. సరిగ్గా పక్కపేరు పిలవాల్సిన వేళకే మాయం!

"ఎందుకు వెళ్ళిపోతుంది? నా మీద కోపమా? రేపు వస్తుందా, రాదా?" పైడికి ఇదొక కొత్త భయం పట్టుకుంది. తిండి తగ్గింది. ఈకలు రాలాయి. తోడు దొరకనప్పటికంటే దొరికాకే ఎక్కువ వణికింది.

ముసలి పావురం ఇదంతా ఉన్న ఒక్క కంటితోనే చూస్తున్నాడు. ఉండబట్టలేక ఒకరోజు అన్నాడు.

"పిల్లా, కోపం తెచ్చుకోకు. ఆ అద్దంల ఎవ్వరు లేరు. అది నువ్వే. మావోళ్ళు ఎందరో దాన్ని గుద్దుకొని కింద పడ్డరు."

"నీకు కుళ్ళు తాతా!" అంది పైడి. "నీతో మాట్లాడేవాళ్ళు లేరు. నాకు దొరికారు. అందుకే ఏడుస్తున్నావు."

తాత సందులోకి జరిగి కూర్చున్నాడు. ఆ మాట తగిలిందో లేదో కూడా పైడి చూడలేదు.

ఇంకొన్నాళ్ళకు ఒక సాయంత్రం ఆకాశం నల్లబడింది. ఈదురుగాలి లేచింది. దుమ్ము, కాగితాలు, ప్లాస్టిక్ కవర్లు సుడి తిరుగుతున్నాయి. ఎక్కడో రేకు ఊడి టపటపా కొట్టుకుంటోంది.

"ఓ పిల్లా! ఎటు పోవద్దు!" అని తాత గట్టిగా చెప్పాడు. "గాలి మస్తుగొస్తుంది. డబ్బా ఎనకకు రా. ఇద్దరికి జాగ ఉంది. నేను గోడ దిక్కు జరుగుత."

పైడి ఒక్క క్షణం ఆగింది. ఇటు చూస్తే, బూజు పట్టిన సందు, దగ్గే ముసలివాడు. అటు చూస్తే, నిగనిగలాడే అద్దంలో తనలాంటి అక్క.

"పాపం, అక్క ఒక్కతే ఉంటుంది. గాలికి భయపడుతుంది," అంది పైడి. అద్దం వైపే ఎగిరింది.

పిల్లలూ, ఆ ఒక్క క్షణమే ఈ కథంతా.

మబ్బుకు మేడలో దీపాలు ముందే వెలిగాయి. పైడి చేరేసరికి అక్క లేదు. అద్దం లోపల కుండీల్లో పచ్చని మొక్కలు కనిపించాయి. "ఓహో, లోపలికెళ్ళింది! నన్నూ రమ్మంటోంది!" అనుకుని బలమంతా కూడదీసుకుని ఆ పచ్చదనం వైపు దూసుకెళ్ళింది.

ఠప్!

కళ్ళముందు తెల్లగా మెరిసింది. ఆ తరవాత కిందకు, ఇంకా కిందకు. మేడ మెట్ల పక్కన పూలకుండీల వెనక సిమెంటు మీద పడింది. ఎడమ రెక్క వేలాడిపోయింది. ఎగరబోతే లేవలేదు. ముక్కు దగ్గర తడిగా ఉంది, నెత్తురు.

జనం పరుగున పోతున్నారు, వాన రాకముందే ఇళ్ళకు చేరాలని. ఎవరి చెవిలో వాళ్ళకు పాట. ఎవరూ కుండీల వెనక చూడలేదు.

చూసింది ఒక్కతే. పిల్లి.

అది తొందరపడలేదు. మెల్లగా వచ్చింది. కాస్త దూరంలో కూర్చుని మీసాలు దువ్వుకుంది.

"ఏమ్మా, కొత్తా?" అంది పిల్లి.

పైడి గోడకు ఆనుకుంది. "దగ్గరికి రాకు! నాకు మంద ఉంది!"

"ఏదీ, పిలువు. నేను ఆగుతాను. నాకేం తొందర లేదు."

పైడి గొంతు చించుకుని అరిచింది. "పైడీ! పైడీ! నేనే పైడిని! ఇక్కడున్నా!"

వీధికి అవతల ఏమైందో తెలుసా? చిలక వింది. "హలో బంగారం, టిఫిన్ చేశావా?" అంది. ఉడుత వింది. "టైం లేదు," అని గొట్టంలోకి దూరింది. డబ్బా వెనక తాత కూడా విన్నాడు. "మళ్ళ మొదలువెట్టింది," అని రెక్కలో తల పెట్టుకున్నాడు. రోజూ వినే కేకే కదా! రోజూ తన పేరు తనే అరుచుకునే పిట్ట, ఈరోజు చావుకేక వేసిందని ఎవరికి తెలుస్తుంది?

"అయిపోయిందా?" అంది పిల్లి. "చూడు తల్లీ, ఈ ఊళ్ళో నేను ఎలా బతుకుతున్నాననుకున్నావు? బలం వల్ల కాదు. ఎవరూ వెతకని పిట్టలుంటాయి. వాటిని ఏరుకుంటాను. గొడవ ఉండదు." అని లేచి ఒక అడుగు ముందుకేసింది.

అప్పుడు, ఆ భయంలో, పైడికి అమ్మమ్మ గొంతు వినిపించినట్టయింది. పేరు నీదే తల్లీ. పిలిచే పని మాత్రం నీది కాదు. నీ పని పక్కదాన్ని పిలవడం.

పక్కదాన్ని! నా పక్కన ఎవరున్నారు?

ఉన్నాడు. నీళ్ళిచ్చినవాడు. జాగా ఉంది రమ్మన్నవాడు. ఎండలన్నీ ఒకే డబ్బాకు అటూ ఇటూ బతికారు. పిలుద్దామని నోరు తెరిచింది పైడి.

పేరు తెలీదు.

పైడికి పిల్లిని చూసినప్పటికంటే అప్పుడే ఎక్కువ భయమేసింది. ఇన్నాళ్ళు పక్కన ఉన్నాడు, పేరు తెలీదు. ఇంకేం చేస్తుంది? తోచినట్టు పిలిచింది.

"తాతా! డబ్బా వెనక తాతా! దగ్గే తాతా! నాకు నీళ్ళిచ్చిన తాతా! ఉన్నావా?"

సందులో ముసలి పావురం తల ఎత్తాడు. నన్నా? చుట్టూ చూశాడు. దగ్గే తాత ఇంకెవరు, తనే. ఆయన్ను పిలిచినవాళ్ళు లేక ఎన్నేళ్ళయిందో! గొంతు పెగల్చుకుని అన్నాడు.

"ఉన్న! ఉన్ననే పిల్లా! యాడున్నవ్?"

ఉన్న. ఇప్పచెట్టు కూలాక మళ్ళీ ఇప్పుడే ఆ మాట పైడి చెవిన పడింది.

"అద్దాల మేడ కింద తాతా! కుండీల వెనక! పిల్లి!"

తాత మరి ఆలోచించలేదు. ఒంటికన్ను, వేళ్ళు లేని కాలు, ఎదురుగాలి. పడుతూ లేస్తూ వీధి దాటుతూ అరిచాడు. "ఓ బంగారం! టిఫిన్ తరవాత, ముందు మొత్తుకో! ఓ టైం లేనోడా! బయటికి రా, పిల్లి!"

చిలక ఉలిక్కిపడింది. పంజరం ఊచలు పట్టుకుని, ఎవరూ నేర్పని మాట మొదటిసారి అరిచింది. "పిల్లి! పిల్లి! పిల్లి!" ఉడుత గొట్టంలోంచి బయటపడి తోక విదిలిస్తూ చిక్ చిక్ చిక్ అని వీధి అదిరేలా గోల పెట్టింది. అదే సమయానికి తాత వచ్చి పిల్లి ముఖం మీద పడ్డాడు. రెక్కలతో కళ్ళ మీద టపటపా కొట్టాడు. పిల్లి పంజా విసిరింది. తాత తోక ఈకలు గుప్పెడు ఊడి గాలికి ఎగిరిపోయాయి. అయినా వదల్లేదు. మేడ కాపలావాడు గోలేమిటని కర్ర పట్టుకుని బయటికొచ్చాడు.

పిల్లి వెనక్కి తగ్గింది. కళ్ళు నులుముకుంది.

"ఓహో. నీకు వెతికేవాళ్ళున్నారన్నమాట," అంది పైడితో. "ముందే వాళ్ళను పిలవొద్దూ?" అని గోడ దూకి పోయింది.

వాన మొదలైంది. కాపలావాడి గది చూరు కింద పైడీ తాతా పక్కపక్కన కూర్చున్నారు. ఇద్దరికీ వణుకే. 

"తాతా, నీ పేరేంటి?" అంది పైడి. 

"పేరా?" తాత చాలాసేపు ఆలోచించాడు. "ఒకటుండె. అడిగినోళ్ళు లేక పాతబడ్డది. రాజలింగం."

"రాజలింగం తాతా!" అని పైడి గట్టిగా పిలిచింది.

"గింత దగ్గర కూసోని ఎందుకొర్రుతవే? ఉన్న!" అన్నాడు తాత. దగ్గు వచ్చిందో, నవ్వు వచ్చిందో, చాలాసేపు ఊగిపోయాడు.

పైడి రెక్క అతుక్కుంది గానీ వంకర మిగిలింది. ఇక అది దూరం ఎగరలేదు. చేసిన పనికి అంత మాత్రం మిగిలింది, దాచడమెందుకు? వానగొట్టం బిగించిన ఇనప పట్టీలమీద ఒక్కొక్కటే గెంతుకుంటూ ఏసీ డబ్బా దాకా చేరేది. అలా చేరిన మొదటి సాయంత్రం తాతకు పక్కపేరు సంగతంతా చెప్పింది.

"మంచి పద్ధతే," అన్నాడు తాత. "మనిద్దరమే అయితె ఆట లెక్కుంటది. కిందోళ్ళను గూడ అడుగు."

అడిగింది. చిలకకు స్వీటీ అని పేరు పెట్టారట ఇంట్లోవాళ్ళు. "అది వాళ్ళు పిలిచే పేరు. మా అమ్మ నన్ను కెంపూ అనేది," అంది చిలక చిన్న గొంతుతో. ఉడుత యథాప్రకారం టైం లేదంది. అయినా గొట్టంలోకి దూరబోయి ఆగి, "తుర్రు! నా పేరు తుర్రు!" అని చెప్పి పోయింది.

ఆనాటినుంచి పొద్దుగూకితే ఆ గోడ మీద ఒక చిన్న సందడి.

"రాజలింగం తాతా!"

"ఉన్న! ఓ కెంపూ!"

"ఉన్నా! తుర్రూ!"

"ఉన్నా, ఉన్నా, టైం లేదు! పైడీ!"

"ఉన్నా!"

ఆ "పైడీ" అనే మాట కోసమే కదా అది అంత వెతికింది. ఆ మాట చివరికి టైం లేని ఉడుత నోట దొరికింది.

అంతటితో కథ కంచికి పంపేద్దును. కానీ ఇంకో సాయంత్రం సంగతి చెప్పకపోతే నాకు నిద్ర పట్టదు.

ఆ అపార్ట్‌మెంట్ వాళ్ళు పావురాలు రాకుండా బాల్కనీలకు వలలు బిగించారు. ఆ సాయంత్రం పైడి తాతను పిలిచింది. తాత కెంపును పిలిచాడు. కెంపు పిలిచింది.

"తుర్రూ!"

జవాబు లేదు.

"తుర్రూ! ఓ తుర్రూ!"

లేదు.

"టైం లేక మరిచిపోయి ఉంటాడు," అనలేదు ఎవరూ. "రేపు చూద్దాం," అనలేదు. వంకర రెక్క పైడి గొట్టం పట్టీల మీద గెంతుకుంటూ కిందకు దిగింది. ఒంటికన్ను తాత ప్రతి సజ్జా మీదా వాలి వెతికాడు. కెంపు పంజరంలోంచే చెవులు రిక్కించి, "రెండో బాల్కనీ! అక్కడ ఏదో గీరుతోంది!" అని అరిచింది.

తుర్రు అక్కడే ఉంది. వల దారం మెడకు చుట్టుకుంది. గింజుకున్నకొద్దీ బిగుసుకుంది. అరవబోతే గొంతు రాలేదు. కాళ్ళతో గోడ గీరడం ఒక్కటే మిగిలింది. పైడీ తాతా చెరో వైపునుంచీ ముక్కులతో పోగు పోగూ తెంపారు. ఆఖరి పోగు తెగేసరికి తుర్రు ఇద్దరి మధ్యా సొమ్మసిల్లి పడింది. చాలాసేపటికి ఊపిరి అందింది.

"నేను అరవనేలేదు కదా," అంది తుర్రు. "నేను లేనని మీకెలా తెలిసింది?"

"పిలిచాం," అంది పైడి. "నువ్వు ఉన్నా అనలేదు."

తుర్రు పుట్టాక మొదటిసారి ఒక చోట కదలకుండా కూర్చుంది. టైం లేదని అననేలేదు.

వీధికి అవతల అద్దాల మేడ ఇంకా అలాగే నిగనిగలాడుతోంది. దాని ముందునుంచి రోజూ వేలమంది పోతున్నారు. గోడకు గోడ ఆనుకుని ఉంటున్నారు. గోడ అవతల దగ్గు వినిపిస్తుంది. ఒకరోజు వినిపించడం మానేస్తుంది. ఎవరి దగ్గది? పేరు అడిగారా? రేపు మీ ఇంటి మెట్లు దిగేటప్పుడు పక్క తలుపు ఒక్కసారి చూడండి. ఆ లోపల కూడా ఎవరో ఒకరు, పేరు పాతబడిపోయి, కూర్చునే ఉంటారు.

నీతి: నిన్నెవరో పిలవాలని కాచుకుని కూర్చోకు, నీ పక్కనున్నవాళ్ళ పేరు తెలుసుకుని ముందు నువ్వే పిలువు, జవాబు రాకపోతే లేచి వెతుకు.